భూటాన్ టూర్ల టార్గెట్ లిస్టు నుంచి తెల్లపొట్ట హెరాన్‌ను తీసేయండి: ఒక బహిరంగ లేఖ

హైదరాబాద్, విజయవాడ, విశాఖ, బెంగళూరుల నుంచి భూటాన్‌కు పక్షుల ఫోటో టూర్లు నడుపుతున్న నిర్వాహకులకు, ఆ టూర్లకు పేర్లిస్తున్న ఫోటోగ్రాఫర్ మిత్రులకు,

నమస్కారం.

మీ బ్రోషర్లలో భూటాన్ పేజీ తెరిస్తే మొదట కనిపించేది తెల్లపొట్ట హెరాన్ అనే నీటిపక్షి. పక్కనే ‘గ్యారంటీ సైటింగ్’ అనో, ‘క్లోజప్ ఛాన్స్’ అనో ఒక ముక్క ఉంటుంది. ఆ ముక్కను తీసేయమని అడగడానికే ఈ లేఖ. ఎందుకు తీసేయాలో, తీసేశాక కూడా టూరు నష్టపోకుండా ఎలా నడపవచ్చో కింద రాస్తున్నాం. పక్షిని చూపించడం మానేయమని కాదు. చూపించే పద్ధతి మార్చమని.

ముందు లెక్క. ప్రపంచం మొత్తం మీద మనుషుల కంటపడి లెక్కకు వచ్చిన తెల్లపొట్ట హెరాన్లు అరవై లోపే. అందులో దాదాపు సగం భూటాన్ నదుల మీద బతుకుతున్నాయి. మిగిలినవి అరుణాచల్ ప్రదేశ్‌లో నామ్‌దఫా చుట్టుపక్కల, ఇంకా మయన్మార్‌లో. నేపాల్‌లో ఇది ఎప్పుడో కనుమరుగైంది. 2007 నుంచి ఐయూసీఎన్ (అంతర్జాతీయ ప్రకృతి సంరక్షణ సంస్థ) దీన్ని అంతరించే ముప్పు అత్యంత తీవ్రంగా ఉన్న వర్గంలో పెట్టింది. భూటాన్‌లో ఏటా జరిగే గణనలో ఇరవైకి కొంచెం పైన, ముప్పైకి లోపల తేలుతుంటాయి. మీ ఒక్క బస్సులో పట్టే మనుషులంత మంది, అంతే. ఇంత చిన్న సంఖ్యలో ఒక గూడు పాడవడం అంటే ఆ ఏడాది దేశం మొత్తానికి పుట్టాల్సిన పిల్లల్లో పెద్ద వాటా పోయినట్టు.

దీన్ని ఇంతవరకు చూడనివాళ్ల కోసం నాలుగు మాటలు. మన చెరువుల దగ్గర కనిపించే నారాయణ పక్షికి ఇది దగ్గరి చుట్టం, కానీ చాలా పెద్దది. నిటారుగా నిలబడితే 127 సెంటీమీటర్ల ఎత్తు. హెరాన్లలో ఆఫ్రికా గోలియత్ తర్వాత ఇదే పెద్దది. ఒళ్లంతా ముదురు బూడిద రంగు, పొట్ట, గొంతు తెలుపు, మెడ చాలా పొడుగు. ఎగిరేటప్పుడు రెక్క అడుగున ముందు భాగం తెల్లగా, వెనక ఈకలు నల్లబూడిదగా విడివిడిగా తెలుస్తాయి. దూరం నుంచి గుర్తుపట్టడానికి అదే ఆధారం. నది ఒడ్డున గుండ్రాళ్ల మధ్య కదలకుండా నిలబడితే రాయి ఏదో, పక్షి ఏదో స్కోప్‌లో చూసినా వెంటనే చెప్పలేం. ఒంటరిగా వేటాడుతుంది. ఒక్కో పక్షికి కిలోమీటర్ల కొద్దీ నది కావాలి. గులకరాళ్ల మీద నీళ్లు పలుచగా, అద్దంలా పారే చోట నిలబడి, చేప దగ్గరికి వచ్చేదాకా ఎదురుచూస్తుంది.

మన బస్సు దీన్ని చెడగొట్టేది సరిగ్గా ఇక్కడే. పునాఖా దగ్గర ఫోఛూ, మోఛూ నదులు, వాంగ్‌డ్యూ దిగువన పునాత్సంగ్‌ఛూ, మధ్య భూటాన్‌లో మాంగ్దేఛూ: అన్నిచోట్లా రోడ్డు నదిని అంటిపెట్టుకునే వెళ్తుంది. గైడ్ ‘హెరాన్’ అనగానే డ్రైవర్ బ్రేకు వేస్తాడు, కోస్టర్ బస్సు తలుపు ధడాలున తెరుచుకుంటుంది, పద్దెనిమిది మంది ట్రైపాడ్లు విప్పుకుంటూ గట్టు దిగుతారు. పక్షి ముందు మెడ నిటారుగా చాస్తుంది. వేట ఆపేసిందన్న గుర్తు అది. తర్వాత రెండడుగులు నీళ్లలోకి నడుస్తుంది, బొంగురుగా అరిచి, నది పైదిక్కుకు లేచిపోతుంది. మీ కార్డులో ఎగిరిపోతున్న వెనకభాగం నలభై ఫ్రేములు పడతాయి. దానికి మాత్రం అప్పటిదాకా కాచుకున్న సమయం, ఆ పూట తిండి పోతాయి. అదే మలుపులో పొద్దున ఒక గుంపు, మధ్యాహ్నం ఇంకో గుంపు ఆగితే ఆ మలుపు దానికి పనికిరానిదే అవుతుంది.

‘డ్యాములు కట్టి నదినే మింగేస్తుంటే మా కెమెరాల మీద పడతారేంటి’ అంటారని తెలుసు. నిజమే, పెద్ద దెబ్బ మనది కాదు. 1,200 మెగావాట్ల పునాత్సంగ్‌ఛూ-1, 1,020 మెగావాట్ల పునాత్సంగ్‌ఛూ-2, 720 మెగావాట్ల మాంగ్దేఛూ: ఇవన్నీ ఈ పక్షి వేటాడే నదుల మీదే వచ్చాయి, భారత ప్రభుత్వ నిధులతోనే వచ్చాయి. డ్యాము కట్టేటప్పుడు కొండ తొలిచిన మట్టి నదిలో కలిసి నీళ్లు మురికవుతాయి, చేప కనబడదు. సొరంగంలోకి నీళ్లు మళ్లించాక కింద కొన్ని కిలోమీటర్లు నది సన్నబడుతుంది. కరెంటు డిమాండును బట్టి నీళ్లు ఒక్కసారిగా వదిలితే, పొద్దున మోకాలి లోతు ఉన్న చోటు సాయంత్రానికి నిలబడలేనిది అవుతుంది. ఇసుక తవ్వకాలు, విద్యుత్ తీగలు, చీర్ పైన్ అడవుల్లో వేసవి మంటలు దీనికి తోడు. కానీ దీని నుంచి తేలేది మీరు అనుకునే దానికి ఎదురు. బాగున్న మలుపులు తగ్గేకొద్దీ పక్షులు మిగిలిన కొద్ది మలుపుల్లోనే చేరతాయి. మన బస్సులు ఆగేవి కూడా అవే మలుపుల్లో. డ్యామును మనం ఆపలేం. తలుపు చప్పుడు ఆపగలం.

ఇక గూళ్ల సంగతి. ఇందులో మాత్రం బేరం లేదు. ఈ పక్షి నది పైన నిట్టనిలువు వాలుల్లో, పొడవాటి చీర్ పైన్ చెట్ల మీద గూడు కడుతుంది. శీతాకాలం చివర మొదలుపెట్టి పిల్లలు ఎగిరేసరికి జూన్ వస్తుంది. ఫిబ్రవరి నుంచి జూన్ దాకా ఏ గైడూ, ఏ హోటల్ యజమానీ ‘గూడు చూపిస్తా’ అన్నా వెళ్లకండి, వెళ్లే టూరు అమ్మకండి. గూడు మీది పక్షి మనిషిని చూసి లేస్తే గుడ్లు చల్లబడతాయి, లేకపోతే కాకులకు, గద్దలకు దారి దొరుకుతుంది. ఎదురు కొండ మీది నుంచి పెద్ద లెన్స్‌తో తీస్తాం కదా అనుకోవచ్చు. ఆ కొండ ఎక్కే దారి గూటికి సమాన ఎత్తులో పోవచ్చు. సమాన ఎత్తులో కదిలే మనిషికి కూడా పక్షులు బెదురుతాయి.

అందుకే మీ క్యాలెండర్ మార్చుకోండి. ఏప్రిల్, మే నెలల టూర్లలో హెరాన్ పేరే ఎత్తకండి. ఆ నెలల్లో తూర్పు భూటాన్‌లోని యోంగ్‌కోలా, లిమితాంగ్ రోడ్డు మీద చూడటానికి చాలా ఉన్నాయి. హెరాన్ కావాలనుకునేవాళ్లకు నవంబర్ మధ్య నుంచి జనవరి దాకా టూరు పెట్టండి. గూళ్ల కాలం కాదు, నదులు తేటగా ఉంటాయి, ఫోబ్జిఖా లోయలో నల్లమెడ క్రేన్లు అనే పెద్ద వలస పక్షులు కూడా ఉంటాయి. ఒకే ప్రయాణంలో రెండూ.

నది దగ్గర ఎలా మెలగాలో చెబుతాం. గుంపు ఆరుగురికి మించకూడదు, వాహనం చిన్నదై ఉండాలి. పక్షి కనబడిన చోట బ్రేకు వేయకుండా, దాటి వంద మీటర్లు ముందుకెళ్లి ఆగాలి. ఇంజను ఆపాలి. శబ్దం ఒక్కటే కారణం కాదు, ఇంజను అదురుకు 600 ఎంఎం లెన్స్‌తో ఏ ఫోటో అయినా చెడుతుంది. ఎవరూ దిగకూడదు, కిటికీలోంచే తీయాలి. కిటికీ మీద పెట్టుకునే బీన్‌బ్యాగ్‌ను ఇంటి నుంచి ఖాళీగా తీసుకెళ్లి, పారోలో రెండు కిలోల బియ్యం కొని నింపుకోండి. తిరుగు ప్రయాణంలో బియ్యం ఎవరికైనా ఇచ్చేయవచ్చు. మీరున్నది ఒక ఒడ్డు, పక్షి ఉన్నది అవతలి ఒడ్డు అయితే ఇంకా మంచిది. మధ్యలో పారే నీళ్లు దానికి ధైర్యం. దూరం రెండు వందల మీటర్లకు తగ్గనివ్వకండి. పది నిమిషాలు చాలు. మెడ నిటారుగా చాస్తే పది నిమిషాలు కూడా అక్కర్లేదు, వెనక్కి రావాలి.

రెండు వందల మీటర్లలో ఏం వస్తుందంటారా? లెక్క వేసి చూపిస్తాం. ఫుల్ ఫ్రేమ్ కెమెరాకు 600 ఎంఎం లెన్స్ పెడితే, అంత దూరంలో ఫ్రేములో పట్టేది సుమారు 12 మీటర్ల వెడల్పు, 8 మీటర్ల ఎత్తు. నిటారుగా ఉన్న హెరాన్ అందులో ఆరో వంతు ఎత్తు. 45 మెగాపిక్సెల్ కెమెరాలో అది దాదాపు 870 పిక్సెళ్లు. క్రాప్ సెన్సర్ 24 మెగాపిక్సెల్ బాడీతో అయితే 970 దగ్గరికి వస్తుంది. మీరు ఆ ఫోటో పెట్టేది ఇన్‌స్టాగ్రామ్‌లో, చూసేది ఫోనులో. అక్కడికి ఇది సరిపోతుంది. పైగా నది, రాళ్లు, పైన్ చెట్లు కలిసి వచ్చిన ఫ్రేము కన్ను మాత్రమే కనబడే హెడ్‌షాట్ కంటే ఎక్కువ చెబుతుందని మా అభిప్రాయం. ఫోటో మెత్తగా వచ్చిందంటే చాలాసార్లు తప్పు దూరానిది కాదు. పది దాటాక ఎండకు వేడెక్కిన గుండ్రాళ్ల మీద గాలి వణుకుతుంది, ఎంత ఖరీదైన లెన్స్ అయినా దానికి మందు లేదు. దగ్గరికి జరగడం కాదు, మంచు విడిచిన వెంటనే పొద్దున్నే రావడం దానికి పరిష్కారం.

డ్రోన్ గురించి ఒక్క వాక్యం: భూటాన్‌లో పౌర విమానయాన అధికారుల అనుమతి లేకుండా ఎగరేయకూడదు, అనుమతి ఉన్నా నీటిపక్షుల మీదికి తీసుకెళ్లకూడదు, ఎందుకంటే వాటికి అది తల మీద తిరిగే గద్ద.

ఫోటో తీశాక జరిగే నష్టం వేరే. ఇంటికొచ్చి ఆనందంగా పోస్టు పెడతారు, ఫైల్లో జీపీఎస్ అలాగే ఉంటుంది. వాట్సాప్‌లో మామూలు ఫోటోగా పంపితే ఆ వివరం పోతుంది. క్వాలిటీ తగ్గకూడదని ‘డాక్యుమెంట్’గా పంపితే చోటుతో సహా వెళ్తుంది. మన గ్రూపుల్లో అందరూ పంపేది డాక్యుమెంట్‌గానే. కెమెరాలో జీపీఎస్ ఆపేయండి, ఫోన్ కెమెరా సెట్టింగుల్లో లొకేషన్ ఆపేయండి, లైట్‌రూమ్‌లో ఎక్స్‌పోర్ట్ చేసేటప్పుడు లొకేషన్ తీసేసే గడి టిక్ చేయండి. అంతటితో అయిపోదు. వెనకాల వేలాడే వంతెన, జోంగ్ (కోట లాంటి మఠం) గోడ, ప్రార్థన జెండాల వరుస కనబడితే ఆ మలుపు ఏదో ఆ దారిన పోయినవాడు ఇట్టే చెబుతాడు. క్యాప్షన్‌లో ‘భూటాన్’ అని రాస్తే చాలు. ఊరు, నది, కిలోమీటరు రాయి అవసరం లేదు. గణన చేసేవాళ్లకు ఆ వివరం పనికొస్తుంది కాబట్టి వాళ్లకు విడిగా ఇవ్వండి. 1987 నుంచి పనిచేస్తున్న రాయల్ సొసైటీ ఫర్ ప్రొటెక్షన్ ఆఫ్ నేచర్ ఈ పక్షిని ఏళ్లుగా వెంటాడి లెక్కిస్తోంది. భూటాన్‌లోని త్సిరాంగ్ జిల్లాలో వాళ్లు హెరాన్ల సంరక్షణ కేంద్రం కూడా నడుపుతున్నారు. బయట ఏదైనా జరిగితే జాతి పూర్తిగా పోకుండా ఉండాలని పెట్టిన కేంద్రం అది. జూ కాదు, దాన్ని మీ ప్రయాణ పట్టికలో ఇరికించకండి.

ఫోబ్జిఖా విషయానికొస్తే, అక్కడ పరిస్థితి కొంత నయం, అయినా మనవాళ్లు పాడుచేసే తీరు ఒకటి ఉంది. సముద్రమట్టానికి మూడు వేల మీటర్ల దగ్గరున్న ఆ లోయకు టిబెట్ నుంచి అక్టోబర్ చివర, నవంబర్ మొదట్లో క్రేన్లు దిగుతాయి, ఫిబ్రవరి, మార్చి దాకా ఉంటాయి. దేశం మొత్తం మీద ఇటీవలి శీతాకాలాల్లో ఆరు వందలు దాటుతున్నాయి. వాటికి తగలకుండా లోయలో కరెంటు తీగలను భూమిలోంచి తీసుకెళ్లారు. 2016లో రామ్‌సార్ అంతర్జాతీయ ఒప్పందం కింద చిత్తడి నేలగా గుర్తింపు వచ్చింది. ఇంత చేసిన ఊరికి మనం చేయాల్సింది తక్కువే.

పగలు అవి చిత్తడిలో పొట్టి వెదురు, కోత అయిన పొలాల్లో మిగిలిన గింజలు, దుంపలు తింటాయి. పొద్దుగూకేముందు లోయ మధ్య లోతులేని నీళ్లలోకి చేరి, రాత్రంతా ఆ నీళ్లలోనే నిలబడి నిద్రపోతాయి. చుట్టూ నీళ్లుంటే నక్క, కుక్క, చిరుత వస్తే చప్పుడు తెలుస్తుంది. ఇప్పుడు ఆలోచించండి. సూర్యాస్తమయం షాట్ కోసం మీరు సరిగ్గా ఆ వేళకు, ఆ నీళ్ల అంచుకే వెళ్తారు. గుంపు దిగబోయి మిమ్మల్ని చూసి మళ్లీ లేస్తుంది. చీకటి పడుతున్నప్పుడు ఇంకో చోటు వెతుక్కోవడం వాటికి కష్టం, ఆ చలిలో ఎగరడం అంటే ఒంట్లో కొవ్వు కరిగించడం. కాబట్టి సాయంత్రం నాలుగు తర్వాత లోయ అడుగుకు దిగకండి. క్రేన్ కేంద్రం దగ్గరి స్కోపుల్లోంచి చూడండి, లేదా గాంగ్‌తే గోంపా (బౌద్ధ మఠం) వైపు ఎత్తు మీది నుంచి వైడ్‌లో తీయండి. టార్చి, ఫ్లాష్, కారు హెడ్‌లైట్లు రాత్రి అటు తిప్పకండి.

పగటి పూట గుంపు ఎలా ఉందో చెప్పే గుర్తు తలలు. మేస్తున్న క్రేన్ తల కిందే ఉంటుంది, ఒకటో రెండో కాపలా కాస్తాయి. సగం తలలు పైకి లేచాయంటే మీరు ఉండాల్సిన చోటు దాటేశారు. అన్నీ మీకు వీపు తిప్పి ఒకే దిక్కుకు నడుస్తున్నాయంటే తర్వాత జరిగేది ఎగరడమే. తల, మెడ నల్లగా కాకుండా గోధుమ రంగుగా ఉన్న పిల్ల పక్కన రెండు పెద్దవి ఉంటే అది కుటుంబం. వాటికి ఇంకా దూరం ఇవ్వాలి. ఊరి కుక్కలకు బిస్కెట్లు వేసే అలవాటు మానండి. అవి తోక ఊపుకుంటూ మీ వెంటే చిత్తడి దాకా వస్తాయి. మీరు గదికి వెళ్లిపోతారు, అవి అక్కడే ఉంటాయి. నవంబర్ 11న గోంపా ప్రాంగణంలో జరిగే క్రేన్ ఉత్సవానికి టూరు పెట్టేవాళ్లు ఆ రోజు పిల్లల క్రేన్ నాట్యం తీసుకుని సంతోషించండి. లోయలో అప్పటికే జనం ఎక్కువ.

మిగతా జంతువుల గురించి త్వరగా చెప్పేస్తాం. బంగారు లంగూర్ ప్రపంచంలో పశ్చిమ అస్సాంలోనూ, దాన్ని ఆనుకున్న దక్షిణ-మధ్య భూటాన్‌లోనూ తప్ప ఎక్కడా అడవిలో లేదు. ట్రోంగ్సా నుంచి జెమ్‌గాంగ్ వెళ్లే రోడ్డు మీద సులువుగా కనబడుతుంది, ఆ సులువే దాని చావుకొస్తుంది. అరటిపండు, బిస్కెట్ వేయకండి. దీని పొట్ట ఆకులు పులియబెట్టి అరిగించుకోవడానికి ఏర్పడ్డ అరల పొట్ట, తీపి పడితే ఉబ్బరం వస్తుంది. అంతకంటే ముఖ్యం, కార్ల కోసం రోడ్డు మీదికి రావడం నేర్చిన కోతి కారు కిందే పోతుంది. భూటాన్ జాతీయ జంతువు టాకిన్‌ను థింఫూ మోతితాంగ్‌లో కంచె లోపల చూసి ఫోటో తీస్తే, ‘వైల్డ్ టాకిన్’ అని క్యాప్షన్ పెట్టకండి. పులుల మాట: 2021–22 సర్వేలో 131, మంచు చిరుతలు 2022–23లో 134 అని భూటాన్ లెక్క తేల్చింది. రెండూ పెరిగిన సంఖ్యలే, ముందు సర్వేల్లో 103, 96. కానీ ఆ ఫోటోలు తీసింది చెట్టుకు, బండకు కట్టిన కెమెరా ట్రాపులు. పదిరోజుల టూరులో ఎవరికీ కనబడవు. వాటి బొమ్మ బ్రోషర్ మీద వేయడం మోసం, ఇంతకంటే మెత్తని మాట మాకు దొరకలేదు.

శాటిర్ ట్రాగోపాన్, వార్డ్స్ ట్రోగాన్ లాంటి అడవి పక్షుల కోసం ప్లేబ్యాక్ (రికార్డు చేసిన కూత) వాడేవాళ్లకు కూడా ఒక మాట. స్పీకర్లో కూత వినగానే మగపక్షి తన హద్దులోకి ఇంకో మగది వచ్చిందనుకుని తిండి మానేసి వెతుకుతుంది. మీకు అది రెండు నిమిషాలు. సీజన్లో అదే మలుపులో వారానికి ఎన్ని గుంపులు ఆగుతాయో మీకే తెలుసు.

చివరగా గైడ్ల సంగతి. ‘ఇంకొంచెం దగ్గరికి పోదాం’ అని అతిథి అంటే ‘వద్దు’ అనలేని మర్యాద భూటాన్ గైడ్లది. పైగా టిప్ అంతా లిస్టు మీద ఆధారపడి ఉంటుంది. హెరాన్ కనబడితే ఐదు వేలు, లేకపోతే వెయ్యి అన్న లెక్క ఉన్నంతకాలం ఆయన గట్టు దింపక ఏం చేస్తాడు? టిప్‌ను టూరు ధరలోనే కలిపి, ఏ పక్షి కనబడినా కనబడకపోయినా ఇంతే అని ముందే రాసివ్వండి. రాత్రికి తలకు 1,200 రూపాయల అభివృద్ధి రుసుము కట్టాం కాబట్టి దగ్గరికి పోయే హక్కుందనే వాదన కూడా బస్సుల్లో వినబడుతుంటుంది. ఆ రుసుము దేశంలో ఉండటానికి, పక్షి మీద పడటానికి కాదు.

మనవాళ్లకు ఇది కొత్త పాఠం ఏమీ కాదు. బట్టమేక పిట్ట కోసమే 1988లో రోళ్లపాడు అభయారణ్యం వచ్చింది. అక్కడ కారణాలు వేరు, కెమెరాలు కాదు. కానీ ఇప్పుడు ఆ పిట్ట కోసం అక్కడికి వెళ్లేవాడికి దొరికేది గడ్డి.

నిర్వాహకులను అడుగుతున్నవి ఇవి. బ్రోషర్‌లో హెరాన్ పక్కనున్న ‘గ్యారంటీ’ తీసేయండి. ఫిబ్రవరి–జూన్ టూర్లలో దాని పేరే తీసేయండి. గుంపు ఆరుగురికి మించదని, వాహనం నుంచి కిందికి దిగబోమని, డ్రోన్ తీసుకురామని బుకింగ్ ఫారంలోనే సంతకం తీసుకోండి. దీనివల్ల తలకు ఖర్చు పెరుగుతుంది, ఆ సంగతి దాచకుండా రాయండి. ఫోటోగ్రాఫర్లు డబ్బు కట్టేముందు నిర్వాహకుణ్ణి ఒక్క ప్రశ్న అడగండి: హెరాన్ కనబడితే బస్సు ఎక్కడ ఆపుతారు? ‘దాటి వెళ్లి’ అన్న జవాబు రాకపోతే ఇంకో టూరు చూసుకోండి. మార్చిన బ్రోషర్లు వచ్చే సీజన్ బుకింగులు తెరవకముందే బయట పెట్టండి. మార్చినవాళ్ల వివరాలు మా గ్రూపుల్లో మేమే పంచుతాం.

ఇట్లు,
భూటాన్ నదుల వెంట పక్షులను చూసే కొందరు తెలుగు పరిశీలకులు